పొలములో చేయి, పుస్తకములో పేరు

మా పాఠశాలలో తొమ్మిదవ తరగతికి పౌరశాస్త్రము చెప్పుచుండగా ఒకనాడు ఒక విద్యార్థి తన పుస్తకములో దాచుకొని తెచ్చిన కాగితమొకటి మా చేతికిచ్చెను. అది వారి తాతగారి పేర వచ్చిన విచారణ నోటీసు. తాతగారు తెలుగు చక్కగా చదువగలరు. తమిళము ధారాళముగా మాటలాడగలరు గాని ఆ అక్షరములు చదువలేరు. తండ్రిగారిది కర్మాగారములో రాత్రి పని. పన్ను కాగితమేమో అనుకొని దానిని దేవుని పటము వెనుక ఉంచిరి. పిల్లవాని కంటబడునాటికి విచారణ దినము గడచి 19 దినములైనది. ఆ కుటుంబము 40 సంవత్సరములుగా కౌలుకు సాగుచేయుచున్న చెరువు క్రింది 2 ఎకరముల మడిని క్రొత్తగా కొన్నవారు, కౌలు రికార్డులోనుండి తాతగారి పేరు కొట్టివేయవలెనని పెట్టిన అర్జీని గూర్చిన నోటీసు అది.

“మా తాతయ్య దున్నుచున్నాడని ఊరందరికిని తెలుసును గదా అయ్యా! పుస్తకములో పేరు తీసివేసినంత మాత్రమున ఏమగును?” అని ఆ బాలుడు మమ్ములనడిగెను.

ఆ ప్రశ్నకు సమాధానముగా ఈ వ్యాసము వ్రాయుచున్నాము. మన హోసూరు, కృష్ణగిరి ప్రాంతముల తెలుగు కుటుంబములలో పెక్కింటికి భూమియే ఆధారము. సొంత భూమి గలవారును, కౌలు చేయువారును మన విద్యార్థులలో ఉన్నారు. ఇరుపక్షముల పిల్లలును ఈ సంగతులు తెలిసికొని ఇంటివద్ద పెద్దలకు చదివి వినిపింతురని మా ఆశ.

శిస్తు పుస్తకము పుట్టిన కథ

1792లో జరిగిన శ్రీరంగపట్టణపు సంధివలన బారామహలు ప్రాంతము టిప్పు సుల్తానునుండి ఈస్టిండియా కంపెనీ వశమైనది. కృష్ణగిరి ఆ బారామహలులోనిదే. హోసూరు ప్రాంతము 1799లో వారికి చేరినది. బారామహలు వ్యవహారములు చక్కబెట్టుటకు వచ్చిన అలెగ్జాండర్ రీడ్, ఆయన సహాయకులలో ఒకడైన థామస్ మన్రో ఇచ్చటి పొలములను కొలిపించి, ఒక్కొక్క రైతుతో నేరుగా శిస్తు నిర్ణయము చేయు పద్ధతిని అమలుపరచిరి. అదియే రైత్వారీ పద్ధతి. మన్రో 1800 మొదలు 1807 వరకు దత్తమండలములలో, అనగా నేటి రాయలసీమ ప్రాంతములో పనిచేసి అచ్చటను ఆ పద్ధతినే నెలకొల్పెను. పట్టా, చిట్టా, అడంగల్, జమాబందీ అను మాటలు సరిహద్దునకు ఇరువైపుల ఒక్క తీరుగా వినబడుటకు కారణమిదే.

ఆ పుస్తకములు ఏ ప్రశ్నకు జవాబుగా వ్రాయబడినవో గమనింపుడు. “ఈ పొలమునకు శిస్తు ఎవరు కట్టవలెను?” అనునదే ఆ ప్రశ్న. “దీనిని ఎవరు దున్నుచున్నారు?” అని సర్కారు ఆనాడు అడుగలేదు. శిస్తు కట్టు పట్టాదారుని పేరు పుస్తకమెక్కినది. అతనివద్ద కౌలుకు తీసికొని నాగలి పట్టినవాని పేరు ఎక్కలేదు. ఒకరికొకరు మాట ఇచ్చికొని, కుప్పనూర్చిన దినమున కళ్లములోనే లెక్క తీర్చుకొనెడివారు. గుత్తయైనను వారమైనను కాగితము వ్రాసికొను అలవాటు తక్కువ. నేటి తగవులలో అధిక భాగమునకు మూలమిచ్చట నున్నది.

గ్రామ లెక్కలను చదువు విధము

మన జిల్లాలో భూమికి సంబంధించిన ముఖ్యమైన లెక్కలు నాలుగు. మొదటిది ‘ఎ’ రిజిస్టరు. ఇందులో ప్రతి సర్వే నంబరునకు విస్తీర్ణము, మెట్టయో పల్లమో పోరంబోకో అను తరగతి, శిస్తు, పట్టాదారుని పేరు ఉండును. రెండవది చిట్టా. ఇది పట్టా నంబరు ననుసరించి వ్రాయబడును. గ్రామములో ఒకని పట్టాలో ఏయే సర్వే నంబరులున్నవో ఇందులో ఒక్కచోట చూడవచ్చును. మూడవది అడంగల్. ఏ పొలములో ఏ కారున ఏ పంట పెట్టిరి, నీటి ఆధారమేమి, సాగు ఎవరిది అను వివరములు దీనిలో ఏటేట వ్రాయవలసి యున్నది. నాలుగవది పొలము కొలతల పటము. గట్టు తగాదా వచ్చినపుడు ఈ పటమే ముఖ్యము.

ఈ నాలుగింటిలో దున్నువానికి దగ్గరి చుట్టము అడంగల్. చిట్టా మారుటకు అమ్మకమో వారసత్వమో పంపకమో జరుగవలెను. అడంగల్ అట్లుగాక ఏటేట పొలమును చూచి వ్రాయవలసిన లెక్క. పొలమునకు పోకయే గత సంవత్సరపు పేరును తిరిగి ఎక్కించిన పక్షమున అది అబద్ధపు లెక్కయగును. 1980లో తమిళనాట కరణము, మునసబు ఉద్యోగములు రద్దయి వారి స్థానమున గ్రామ పరిపాలనాధికారులు వచ్చిరి. తరతరముల సంగతులు కంఠస్థముగా నెరిగిన కరణము ఇప్పుడు లేడు. ఊరి జ్ఞాపకము పోయినచోట పుస్తకమే సాక్షి.

పాత రసీదులలో ఫసలీ సంవత్సరములుండును. ఫసలీ అంకెకు 590 కలిపినచో అది మొదలైన క్రీస్తు సంవత్సరము వచ్చును. 1390 ఫసలీ యనగా 1980 జూలై 1 మొదలు 1981 జూన్ 30 వరకు. విస్తీర్ణమును నేడు హెక్టారులలో, ఏర్లలో వ్రాయుచున్నారు. 100 ఏర్లు ఒక హెక్టారు. అది సుమారు 2 ఎకరముల 47 సెంట్లు. మన బాలుని తాతగారి 2 ఎకరముల మడి పుస్తకములో 81 ఏర్లుగా కనబడును. ‘మా నేల తగ్గిపోయినది’ అని భయపడనక్కరలేదు. లెక్క కట్టి చూచినచో సరిపోవును.

పట్టాయే హక్కా?

పట్టా యున్నచో భూమి తమదేయని చాలమంది నమ్మకము. అది పూర్తిగా సరికాదు. రెవిన్యూ లెక్కలలో పేరు మారుట శిస్తు వసూలుకొరకే గాని, దానివలన స్వామ్యము పుట్టదు, నశింపదు అని సుప్రీముకోర్టు పలుమారులు, 1996లోను 2021లోను కూడ, చెప్పియున్నది. స్వామ్యమునకు మూలము రిజిస్టరు దస్తావేజు, వారసత్వము, భాగపంపకము వంటివి. వాటిపై వివాదము వచ్చినచో తీర్పు చెప్పవలసినది సివిలు కోర్టు.

అట్లని పట్టాను తేలికగా చూడరాదు. తమిళనాట 1979లో మొదలై తరువాతి దశాబ్దములో సాగిన రిజిస్టరుల సవరణలో చాలచోట్ల పేర్లు తారుమారైనవి. సర్వే నంబరు చీలినపుడు ఒకని భాగము మరియొకని పట్టాలో పడినది. అన్నదమ్ముల ఉమ్మడి పొలము పెద్దవాని పేర మాత్రమే నిలిచినది. నాడు ఎవరును గమనింపలేదు. 30 ఏండ్ల తరువాత మనుమడు బ్యాంకు అప్పునకు పోయినపుడు ఆ తప్పు బయటపడినది. అప్పటికి సాక్ష్యము చెప్పవలసిన పెద్దలు లేకపోయిరి.

ఆడపిల్లల పేర్ల సంగతియు ఇట్టిదే. హిందూ ఉమ్మడి కుటుంబపు ఆస్తిలో కుమార్తెకు కుమారునితో సమాన హక్కును తమిళనాడు 1989 నాటి సవరణ చట్టముచేత ఇచ్చినది. దేశమంతటికి 2005లో ఆ న్యాయము వచ్చినది. అయినను తండ్రి పోయినపుడు పట్టాలో కుమారుల పేర్లే ఎక్కించి ఊరకుండుట నేటికిని చూచుచున్నాము. పుస్తకములో లేనంతమాత్రమున ఆమె హక్కు పోదు. కాని దానిని రాబట్టుకొనుటకు ఆమె కోర్టు మెట్లెక్కవలసి వచ్చును.

సాగుబడి కౌలుదారుడు ఎవరు?

ఇక కౌలు విషయము. మద్రాసు రాష్ట్రములో 1955లో సాగుబడి కౌలుదారుల రక్షణ చట్టము వచ్చినది. మన ‘సాగుబడి’ అను మాటయే తమిళములోను వాడుకలో నున్నది. ఈ చట్టముయొక్క ప్రాణమంతయు ఒక్క నిర్వచనములో ఉన్నది. ఇతరుల భూమిని మాటవలన గాని వ్రాతవలన గాని, లేక ఉభయుల నడవడివలన తెలియు ఒప్పందముచేత గాని తీసికొని, తాను గాని తన కుటుంబములోనివారు గాని ఒడలు వంచి కష్టించి సాగుచేయువాడే సాగుబడి కౌలుదారుడు. కాగితము లేకపోయినను హక్కు ఉండవచ్చును. కష్టము లేకపోయిన ఉండదు. భూమిని తీసికొని కూలీలచేతనే సమస్తమును చేయించువానికి ఈ రక్షణ చెల్లదు. కౌలుదారుడు మరణించిన వెనుక అతని వారసునికి ఆ హక్కు రావలెనన్నను అతడో అతని కుటుంబమువారో పొలములో కష్టింపవలెను. మన యువకులు ఊరు విడిచి కర్మాగారములకు పోవుచున్న ఈ దినములలో ఈ మాట మరువరానిది.

ఇట్టి కౌలుదారుని భూమినుండి తొలగింపవలెనన్న భూస్వామి తనంత తాను తొలగింపరాదు. రెవిన్యూ కోర్టులో అర్జీ పెట్టి, చట్టములోని కారణమును రుజువు చేయవలెను. ముఖ్యమైన కారణములు నాలుగు: గుత్త గడువు దాటిన నెలలోపల చెల్లింపకపోవుట, భూమికి గాని పైరుకు గాని చెరుపు కలిగించుట, లేక సాగు బొత్తిగా మానివేయుట, భూమిని వ్యవసాయమునకు గాక వేరు పనులకు వాడుట, భూస్వామి హక్కును బుద్ధిపూర్వకముగా కాదనుట. గుత్త బాకీపడినచో పరిస్థితులు విచారించి కౌలుదారునకు గడువు ఇచ్చు అధికారము కోర్టునకున్నది. భూస్వామి గుత్త పుచ్చుకొననని మొండికెత్తినచో కౌలుదారుడు దానిని కోర్టులో కట్టవచ్చును. ఆ కోర్టు రసీదు అతనికి కవచము వంటిది.

గుత్త ఎంత ఉండవలెనను విషయమై 1956లో మరియొక చట్టము వచ్చినది. మొదట పల్లపు భూమికి మొత్తపు పంటలో నూటికి 40 పాళ్లు భూస్వామికని నిర్ణయించిరి. తరువాతి సవరణచేత దానిని నాలుగవ వంతుకు తగ్గించిరి. సాధారణముగా 40 బస్తాలు పండు పొలమునకు న్యాయమైన గుత్త 10 బస్తాలు.

భూమి అమ్ముడుపోయినంత మాత్రమున కౌలు పోదు. కొన్నవాడు పాత భూస్వామి స్థానములోనికి వచ్చును. నిన్నటివరకు పాతవానికిచ్చిన గుత్తను రేపటినుండి క్రొత్తవానికీయవలెను. కాని కౌలుదారుని పేరు ఏ పుస్తకములోను లేనిచో కొనువానికి ఆ సంగతి ఎట్లు తెలియును? అందుకొరకే 1969లో వ్యవసాయ భూముల కౌలు హక్కుల రికార్డు చట్టము చేసిరి. గ్రామము వారీగా ఏ సర్వే నంబరునకు భూస్వామి ఎవరు, కౌలుదారుడెవరు అని వ్రాయు పుస్తకమిది. తప్పని రుజువగువరకు దానిలోని వ్రాత నిజమేయని తలంపవలెనని చట్టము చెప్పుచున్నది. శిస్తు పుస్తకము అడుగని ప్రశ్నను ఎట్టకేలకు ఈ పుస్తకము అడిగినది.

బాలుని ప్రశ్నకు జవాబు ఇచ్చటనున్నది. పేరున్నంతకాలము “ఇతడు కౌలుదారుడు కాడు” అని రుజువు చేయు భారము ఎదుటివానిది. పేరు కొట్టివేసిన మరునాటినుండి “నేను కౌలుదారుడను” అని రుజువు చేసికొను భారము 70 ఏండ్ల తాతగారిది. ఊరందరికిని తెలిసినంత మాత్రమున చాలదు. ఊరివారు వచ్చి విచారణలో చెప్పవలెను.

తగవులు చెడిపోవు విధము

న్యాయమున్నవారును ఓడిపోవు మార్గములు మూడు మేము గమనించితిమి. మొదటిది అబద్ధము. కౌలుకిచ్చిన భూస్వామి “ఇతడు నా జీతగాడు” అనును. అతనిని కూడ పూర్తిగా తప్పుపట్టలేము. పట్టణములో నున్న ముసలి విధవరాలు తన ఒక్క ఎకరమును కౌలుకిచ్చి, అది తిరిగి చేతికి రాదేమోయని భయపడును. ఆ భయముచేతనే కాగితము వ్రాయదు. ఆమెకు న్యాయముగా రావలసిన గుత్తను ఎగవేయుట కౌలుదారునకు తగదు. కౌలుదారుని వైపునను అబద్ధమున్నది. “ఇన్నేండ్లు దున్నితివి గదా, భూమి నీదేయని చెప్పుము” అని ఎవరో నేర్పుదురు. 12 సంవత్సరములు స్వాధీనములో నున్న భూమి సొంతమగునను మాట అతడు వినియున్నాడు. కాని ఇతరుల అనుమతితో అనుభవించు కౌలు ఎన్ని ఏండ్లైనను స్వామ్యము కానేరదు. పైగా అట్లనుట భూస్వామి హక్కును కాదనుటయై, తొలగింపునకు కారణమగును. ఉన్న హక్కును విడిచి లేని హక్కుకొరకు చేయి చాచి, రెండును పోగొట్టుకొన్న వాడగును.

రెండవది తప్పు గుమ్మము. భూమి ఎవరిదను ప్రశ్నకు సివిలు కోర్టు. కౌలు రికార్డులో పేరు ఉండవలెనా వద్దా అను ప్రశ్నకు రికార్డు అధికారియైన తహసీల్దారు. ఆయన ఉత్తరువుపై అప్పీలు పై అధికారికి. కౌలుదారుని తొలగింపు ప్రశ్నకు రెవిన్యూ కోర్టు. రికార్డు అధికారి తేల్చవలసిన విషయములలో సివిలు కోర్టునకు అధికారము లేదని 1969 చట్టమే అడ్డుకట్ట వేసినది. ఈ భేదమెరుగక ఒకచోట ఏండ్ల తరబడి తిరిగి, చివరకు “ఇది ఇచ్చట తేలునది కాదు” అని అనిపించుకొన్నవారు కలరు.

మూడవది గడచిన గడువు. దీనికి ఉదాహరణము దేవుని పటము వెనుక నోటీసు.

సరిహద్దు దాటిన చట్టము మారును

మనకు ఒకవైపు కుప్పము, మరియొకవైపు ఆనేకల్లు, మాలూరు. పెండ్లిండ్లకు, జాతరలకు కలిసిన బంధువులు తమ ఊరి అనుభవమును సలహాగా చెప్పుదురు. ఆ సలహా సద్భావముతో చెప్పినదే యైనను ఇచ్చట చెల్లకపోవచ్చును.

కర్ణాటకములో 1974 మార్చి 1వ తేదీన కౌలులోనున్న భూములు ప్రభుత్వపరమైనవి. కౌలుదారులు 7వ నమూనాలో దరఖాస్తు పెట్టుకొని, తాలూకా భూన్యాయమండలి విచారణ మీదట సొంతదారులైరి. ఆ దరఖాస్తుల కడపటి గడువు 1979 జూన్ 30తో ముగిసినది. తమిళనాటి చట్టము అట్లు కాదు. అది దున్నువానిని తొలగింపునుండి కాపాడును గాని కౌలుభూమిని అతని సొంతము చేయదు. కోస్తా, రాయలసీమలకు 1956 నాటి ఆంధ్ర కౌలు చట్టము వేరు. ఆంధ్రప్రదేశములో 2019లో వచ్చిన పంట సాగుదారుల హక్కుల చట్టము 11 నెలల ఒప్పందముతో పంటపై అప్పు, నష్టపరిహారము వంటి మేళ్లను ఉద్దేశించినదే గాని భూమిపై హక్కు ఇచ్చునది కాదు. కావున ఆనేకల్లు మామగారి మాటను, కుప్పము చిన్నాన్నగారి మాటను వినుడు. పని మాత్రము మన తాలూకా చట్టము ననుసరించి చేయుడు.

భాష అడ్డు కారాదు

ఏ బాధయైనను నివేదించుకొనుటకు కేంద్రములో గాని రాష్ట్రములో గాని వాడుకలోనున్న ఏ భాషలోనైనను, ఏ అధికారికైనను అర్జీ పెట్టుకొనవచ్చునని మన రాజ్యాంగముయొక్క 350వ అధికరణము చెప్పుచున్నది. కనుక మన పెద్దలు తమ గోడును తెలుగులో వ్రాసి ఇచ్చుటకు సంకోచింపనక్కరలేదు. అది దయ కాదు, హక్కు.

అయినను ఒక నిజమును ఒప్పుకొనవలెను. చిట్టా తమిళములో నున్నది, అడంగల్ తమిళములో నున్నది, నోటీసు తమిళములో వచ్చును. మాతృభాషను ప్రాణముగా చూచుకొనుచునే రాష్ట్రభాషను చక్కగా చదువ నేర్చుట మన నేలను కాపాడుకొనుటకు సాధనము. తమిళము చదువుకొనుచున్న నేటి విద్యార్థులు ఇంటిలో తాతకును కచేరీకిని నడుమ వంతెనవలె నిలువగలరు.

విద్యార్థులకు ఒక పని

రాబోవు సెలవులలో ప్రతి విద్యార్థియు ఈ పని చేయవలెనని కోరుచున్నాము. ఇంటిలోని భూమి కాగితములన్నియు తీయించి, ఏది దస్తావేజో, ఏది పట్టాయో, ఏది రసీదో వేరుచేసి, ఒక నోటుపుస్తకములో సర్వే నంబరు, విస్తీర్ణము, పేరు, సంవత్సరము తెలుగులో వ్రాయుడు. ఇప్పుడు చిట్టాను, ‘ఎ’ రిజిస్టరును కంప్యూటరులో చూచుకొను వసతి యున్నది. అందులోని పేరుతో సరిచూడుడు. తేడా యున్నచో ఏటేట తాలూకాలో జరుగు జమాబందీ సమయమున అర్జీ ఇప్పింపుడు. కౌలు చేయువారైనచో అడంగలులో ఎవరి పేరున్నదో అడిగి తెలిసికొనుడు. గుత్త ఇచ్చినపుడెల్ల రసీదు పుచ్చుకొనుడని చెప్పుడు. కౌలుకిచ్చినవారైనచో రసీదు ఇయ్యుడని, దాచిన ఒప్పందముకంటె వ్రాసిన ఒప్పందమే ఇరువురికిని మేలని చెప్పుడు. ఇంటికి ఏ కాగితము వచ్చినను ఆ దినమే చదివి, అందులోని తేదీని గోడ పంచాంగముపై గుర్తుపెట్టుడు.

ఆ బాలుని తాతగారి సంగతి చెప్పి ముగింతుము. విచారణకు హాజరు కానందున పేరు కొట్టివేయుచు ఉత్తరువైనది. రాలేకపోయిన కారణము వివరించి వారు అప్పీలు పెట్టుకొనిరి. మనుమడు ఇల్లంతయు వెదకి, తాతగారు ట్రంకుపెట్టెలో దాచిన పాత గుత్త రసీదులను ఫసలీ వరుసగా పేర్చి, 590 కలిపి ఒక్కొక్కదానిమీద క్రీస్తు సంవత్సరము వ్రాసెను. 31 రసీదులు దొరకినవి. తక్కిన ఏండ్లవి లేవు. అప్పీలు విచారణ ఇంకను ముగియలేదు. ఫలితమెట్లుండునో మేము చెప్పలేము. కాని ఈసారి విచారణ తేదీ ఆ ఇంటిలో అందరికిని తెలుసును.